మా బుడ్డోడు తెర మీదికొస్తానంటున్నాడు: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

షూటింగు బళ్లు ఏటిగట్టు దిగి కొబ్బరితోటల్లోకి వస్తే చాలు, ఆ చుట్టుపక్కల పిల్లలున్న ఇళ్లన్నిట్లో కదలిక మొదలవుతుంది. ఈసారి కోనసీమ నుంచీ నరసాపురం, భీమవరం వైపు నుంచీ వచ్చిన ఉత్తరాల్లో చాలావరకు బాలనటుల గురించే. ఒకేలాంటి ప్రశ్నల్ని కలిపేసి జవాబులిస్తున్నాం.

మా పాపకి ఏడేళ్లు. ఆడిషన్ వీడియో పంపమంటే ఇప్పటికి మూడు సినిమాలకి పంపాం, ఎవరూ పలకలేదు. ఈసారి మంచి స్టూడియోలో తీయిద్దామా? — ఒక తల్లి, అమలాపురం దగ్గర

స్టూడియో వద్దండి. అక్కడ మేకప్ వేసి, వెనకాల రంగుల తెర కట్టి తీసిన వీడియోలో పిల్ల అసలు ముఖం కనబడదు. దర్శకుడి మనుషులు వెతికేది ఆ ముఖాన్నే.

ఫోన్ చాలు. దాన్ని అడ్డంగా పెట్టండి, చేత్తో పట్టుకోవద్దు. స్టూలు మీద నాలుగు పుస్తకాలు పేర్చి, కెమెరా సరిగ్గా పాప కళ్ల ఎత్తుకి వచ్చేలా ఆనించండి. పెద్దవాళ్లు నిలబడి తీస్తే కెమెరా పైనుంచి కిందికి చూస్తుంది, పాప మెడ ఎత్తి మాట్లాడాల్సి వస్తుంది, గొంతు బిగుసుకుంటుంది. వెలుతురు ముఖం మీద పడాలి, వెనకనుంచి రాకూడదు. మన వైపు చాలామంది కొబ్బరిచెట్ల కింద తీస్తారు, చూడ్డానికి బాగుంటుందని. ఆకుల సందుల్లోంచి పడే ఎండ ముఖం మీద మచ్చలు మచ్చలుగా పడుతుంది, చర్మం పచ్చగా కనిపిస్తుంది. ఉదయం ఎనిమిది, తొమ్మిది మధ్య వీధి అరుగు మీద, నీడలో, వెనకాల ఉత్త సున్నపు గోడ ఉండేలా తీయండి. ఫ్యాను ఆపాలి, పక్కింటి మోటారు ఆగేదాకా ఆగాలి. మాట వినపడని వీడియోని పది సెకన్లు కూడా చూడరు.

ముందు పేరు, వయసు, ఎత్తు, ఊరు, వచ్చిన భాషలు చెప్పించండి. తర్వాత కుడి పక్క, ఎడమ పక్క తిరగాలి. ఆ తర్వాత వాళ్లిచ్చిన డైలాగు. అంతా కలిపి నిమిషం, మహా అయితే నిమిషంన్నర. ఎదుటి పాత్ర మాటలు ఎవరైనా కెమెరా పక్కనే కూర్చుని మామూలుగా అనాలి. వాట్సాప్‌లో పంపేటప్పుడు వీడియోగా కాక డాక్యుమెంట్‌గా జతచేస్తే నాణ్యత పడిపోదు. దాంతోపాటు ఫిల్టర్ వేయని ఫొటోలు మూడు చాలు: ముఖం, నడుము పైదాకా, నిలువెత్తు. అన్నీ ఈమధ్య తీసినవే కావాలి. పిల్లలు ఆరు నెలల్లో మారిపోతారు.

ఇక మీకు జవాబు రాకపోవడానికి మా అనుమానం వేరే. మన బళ్లలో వార్షికోత్సవం అనగానే దుర్యోధనుడి ఏకపాత్ర నేర్పిస్తారు. చెయ్యెత్తడం, కళ్లురమడం, ప్రతి వాక్యం చివరా రాగం తీయడం. వేదిక మీద చప్పట్లు పడతాయి గానీ కెమెరా ముందు అది పనికిరాదు. పైగా ఒకసారి అలవాటైన రాగం తీసెయ్యడానికి వారాలు పడుతుంది. డైలాగుని వరసపెట్టి బట్టీ కొట్టించకండి. సందర్భం చెప్పి, "ఇదే నువ్వు అన్నయ్యతో అయితే ఎలా అంటావు?" అని అడగండి. ఒకటి ఇంట్లో మాట్లాడే గోదారి యాసలో, ఇంకొకటి మామూలు తెలుగులో, రెండు టేకులు పంపండి. యాసని మార్చేసిన టేకు ఒక్కటే పంపడం వల్ల ఒరిగేదేమీ లేదు.

కోఆర్డినేటర్‌నని చెప్పిన ఒకాయన బాబుకి ఆర్టిస్ట్ కార్డు, పోర్ట్‌ఫోలియో చేయిస్తానని ముప్పై వేలు అడుగుతున్నాడు. సగం ఇచ్చాం. — రాజోలు

మిగతా సగం ఇవ్వకండి. బాలనటుడిగా చేయడానికి చట్టప్రకారం ఏ కార్డూ అక్కర్లేదు. నిజంగా పని ఇప్పించే కోఆర్డినేటర్ పారితోషికం వచ్చాక అందులోంచి కమిషన్ తీసుకుంటాడు, ముందుగా మీ జేబులోంచి కాదు. రిజిస్ట్రేషన్, గ్రూమింగ్, "డైరెక్టర్ గారికి అడ్వాన్స్" అని ఏ పేరుతో అడిగినా మోసమే. ఫోన్‌పే, గూగుల్‌పేలో పంపి ఉంటే వెంటనే సైబర్ మోసాల ఫిర్యాదులు తీసుకునే 1930 నంబరుకి ఫోన్ చేసి ఫిర్యాదు చేయండి. ఎంత తొందరగా చేస్తే ఆ డబ్బు ఆగే అవకాశం అంత ఎక్కువ. చాటింగు చెరిపెయ్యకండి.

ఆడిషన్‌కి వెళ్లే బస్సు చార్జీ, టిఫినూ మాత్రం ఎవరికైనా సొంత ఖర్చే.

షూటింగు మధ్యలో మావాడికి ముందు పళ్లు రెండూ ఊడిపోయాయి. మేనేజర్ కంగారు పడుతున్నాడు. పైగా దసరాకి ద్వారకా తిరుమలలో తలనీలాల మొక్కు ఉంది. — తణుకు

ముందు పళ్లు ఊడే ఈడు ఆరు నుంచి ఎనిమిది. ఆ వయసు పిల్లల్ని తీసుకునేటప్పుడే యూనిట్‌వాళ్లు లెక్కలో పెట్టుకోవాల్సిన సంగతి ఇది, మీ తప్పేమీ లేదు. పిల్లల దంతవైద్యుడు అచ్చు తీసి, తీసి పెట్టుకునే కట్టుడు పన్ను చేసిస్తారు. షాట్‌లో పెట్టి, తినేటప్పుడు తీసెయ్యాలి. పెట్టాక స, శ, త అక్షరాలు కొన్నాళ్లు తేడాగా పలుకుతాయి కాబట్టి ఓ రెండు రోజులు ముందే అలవాటు చేయించండి. ఖర్చు నిర్మాతదే. కదులుతున్న పన్ను ఉంటే ఒప్పందం రోజునే చెప్పడం మంచిది.

మొక్కు మాటకొస్తే, దేవుడు ఆగుతాడు, కంటిన్యుటీ (సీను సీనుకీ పిల్లాడి రూపం ఒకేలా ఉండటం) ఆగదు. గుమ్మడికాయ కొట్టి షూటింగు ముగించాక కూడా ప్యాచ్‌వర్క్ అని, మిగిలిపోయిన ముక్కలు తీయడానికి పిలుస్తారు. ఫైనల్ ఎడిటింగ్ అయిందని డైరెక్షన్ డిపార్ట్‌మెంట్ చెప్పేదాకా గుండు, చెవులు కుట్టించడం, కొత్త హెయిర్‌కట్ ఏదీ వద్దు.

పిల్లల షూటింగ్‌కి కలెక్టర్ అనుమతి కావాలంటారు, నిజమేనా? ఎవరు తేవాలి? రోజుకెన్ని గంటలు? — పాలకొల్లు, ముమ్మిడివరం, కాకినాడ నుంచి పలువురు

నిజమే. బాలకార్మిక నిషేధ చట్టం 1986 నాటిది. 2016 సవరణ పద్నాలుగేళ్లలోపు పిల్లల చేత పనిచేయించడాన్ని నిషేధిస్తూనే, సినిమా, సీరియల్, ప్రకటనల్లాంటి వాటిలో కళాకారులుగా చేయడానికి షరతులతో సందు వదిలింది. సర్కస్‌కి ఆ సందు లేదు. 2017 నిబంధనల్లో ఆ షరతులున్నాయి.

అనుమతి తేవాల్సింది నిర్మాత. షూటింగ్ ఏ జిల్లాలో జరిగితే ఆ జిల్లా కలెక్టర్ దగ్గర. మీది ముమ్మిడివరమైనా, రామోజీ ఫిల్మ్ సిటీలో తీస్తే రంగారెడ్డి జిల్లా నుంచి రావాలి. మన దగ్గర ఇంకో తిరకాసు ఉంది. యానాంలో ఒక్క పూట తీసినా అది పుదుచ్చేరి పరిధి, కోనసీమ కాగితం అక్కడ చెల్లదు. ఎదురుగా కనిపించే ఊరే కదా అని మేనేజర్లు దీన్ని తరచూ మర్చిపోతారు. నిర్మాత ఫారం-సి లో హామీపత్రం రాసి, పిల్లల జాబితా, తల్లిదండ్రుల సమ్మతి, పిల్లల భద్రత చూసే మనిషి పేరు జతచేస్తాడు. ఆ హామీ ఆరు నెలలు పనిచేస్తుంది. షెడ్యూల్ జరిగి జరిగి ఏడో నెలలో పడితే మళ్లీ తీసుకోవాలి. మీరు అడగాల్సింది ఆ కాగితాల నకలు. "అన్నీ మా ఆఫీసులో ఉన్నాయి" అంటే లేవనే అర్థం చేసుకోండి.

రోజుకి ఐదు గంటలు మించకూడదు, విశ్రాంతి లేకుండా మూడు గంటలు మించకూడదు, వరసగా 27 రోజులు మించకూడదు. ఐదుగురు పిల్లలకి ఒకరు చొప్పున బాధ్యత గల మనిషి ఉండాలి. పిల్లవాడికి ఇష్టం లేకపోతే చేయించకూడదని కూడా నిబంధనల్లోనే ఉంది. అమ్మానాన్నలు సరేనన్నా సరే. వీటిని మీరితే నిర్మాతకి ఆరు నెలల నుంచి రెండేళ్ల దాకా జైలు, 20 వేల నుంచి 50 వేల దాకా జరిమానా పడొచ్చు.

సెట్లో లెక్క తప్పేది ఎక్కడంటే, కాల్‌షీట్ పొద్దున్న ఆరింటికి ఉంటుంది, పిల్లాడి షాట్ పదకొండింటికి. ఆ ఐదు గంటలూ మేకప్ వేసుకుని కుర్చీలో కూర్చున్నది పని కాదంటారు. మేం పనేనంటాం. ఒప్పుకునే ముందే "మా బాబు ఎన్నింటికి రావాలి, ఎన్నింటికి పంపిస్తారు" అని రాయించుకోండి. చిన్న నోటుపుస్తకంలో వచ్చిన టైమూ, వెళ్లిన టైమూ రోజూ వేసి అసిస్టెంట్ డైరెక్టర్ చేత సంతకం చేయించండి. ఎవరితోనూ గొడవపడక్కర్లేదు, పుస్తకం తీస్తే చాలు టైముకి వదులుతారు.

పది రోజుల పనికి రోజుకి ఎనిమిది వేలన్నారు. చేతికెంత వస్తుంది? పాప డబ్బుకి మేం పన్ను కట్టాలా? — భీమవరం

మొత్తం 80 వేలు. అందులో పదో వంతు, అంటే 8 వేలు, టీడీఎస్‌గా, అంటే ముందుగానే కోసే ఆదాయపు పన్నుగా పట్టుకుంటారు. పాప పేరిట పాన్ లేకపోతే 20 శాతం పడుతుంది కాబట్టి ముందు పాన్ తీయించండి. మైనర్ల కార్డు మీద ఫొటో, సంతకం ఉండవు. అది లోపం కాదు, పద్ధతే అంత. నిబంధనల ప్రకారం సంపాదనలో కనీసం 20 శాతం, ఇక్కడ 16 వేలు, జాతీయ బ్యాంకులో పాప పేర ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా నేరుగా వేయాలి. పద్దెనిమిదేళ్లు నిండాకే అది ఆమె చేతికొస్తుంది. మిగతా 56 వేలు మీకు అందేది. డిపాజిట్ రసీదు అడిగి తీసుకోండి. "మీరే వేసుకోండి" అని మొత్తం మీ ఖాతాలోకి తోసేసే నిర్మాతలున్నారు. అదీ తప్పే.

పన్ను సంగతి: మామూలుగా మైనర్ పిల్లల ఆదాయాన్ని తల్లిదండ్రుల్లో ఎక్కువ సంపాదించేవాళ్ల ఆదాయంలో కలుపుతారు. సొంత నైపుణ్యంతో, కళతో సంపాదించింది మాత్రం కలవదు. అది పాప ఆదాయమే, పాప పాన్ మీద సంరక్షకుడిగా మీరు రిటర్న్ వేయాలి. వేరే ఆదాయం లేకపోతే పట్టుకున్న 8 వేలూ వెనక్కి వస్తాయి. కానీ ఆ డిపాజిట్ మీద వడ్డీ మళ్లీ మీ ఆదాయంలోనే కలుస్తుంది. చాలామంది ఆడిటర్లు కూడా రెండూ కలిపేసి లెక్క కడుతుంటారు, గమనించుకోండి.

ఒప్పందం మీద పాప సంతకానికి విలువ లేదు. మైనర్ చేసుకున్న ఒప్పందం చెల్లదు, సంరక్షకులుగా మీ సంతకమే ఉండాలి. రోజుల సంఖ్య, డబ్బింగు అందులోనే వస్తుందా, ప్యాచ్‌వర్క్‌కి వేరే డబ్బా, మీతోపాటు ఒకరికి ప్రయాణం, బస, భోజనం, ఆడియో వేడుకలకి రావాలా అన్నవి రాయించండి. పాప ముఖాన్ని, గొంతుని కంప్యూటర్‌తో మార్చి వేరేచోట వాడుకోకూడదనే వాక్యం కూడా తప్పకుండా పెట్టించండి.

మూడో నెల నిండని బాబుని ప్రసవం సీనుకి అడుగుతున్నారు. — మండపేట

ఇవ్వకండి. తల్లిపాలు, టీకాల ప్రచారానికి తప్ప మూడు నెలల్లోపు బిడ్డల్ని వాడొద్దని జాతీయ బాలల హక్కుల కమిషన్ మార్గదర్శకాలు చెబుతున్నాయి. ఆ సీన్లకి సిలికాన్ బొమ్మలున్నాయి.

ఏడుపు సీను. గ్లిజరిన్ వేస్తే కళ్లు పాడవుతాయా? వేయకపోతే ఏడవడు. — కొత్తపేట

గ్లిజరిన్ కంట్లో వెయ్యరు, వెయ్యనివ్వకండి. కింది రెప్ప బయటి మూల, చర్మం మీద, దూదిపుల్లతో సన్నగా రాస్తారు. మెంథాల్ పుల్ల అయితే చెంప ఎముక మీద, కంటికి దూరంగా. దాని ఆవిరికే నీళ్లొస్తాయి. తలనొప్పి బామ్ తెచ్చి పూసేవాళ్లుంటారు, అది మాత్రం పిల్లలకి ససేమిరా వద్దు. షాట్ అయ్యాక శుభ్రమైన నీళ్లతో కడగాలి, వాడు కళ్లు నులమకుండా చూడాలి. ఎరుపు తగ్గకపోతే కళ్ల డాక్టరుకి చూపించాలి. ఏ మేకప్ అయినా ముందు రోజు మోచేతి మడతలో కాస్త రాసి, మర్నాటిదాకా దద్దుర్లు రాలేదని చూశాకే ముఖానికి. మే నెల ఉక్కలో అయితే ఇది ఇంకా అవసరం.

గ్లిజరిన్ కన్నా చెడ్డది ఇంకోటుంది: "మీ అమ్మ వెళ్లిపోయింది" అని చెప్పి ఏడిపించడం. ఆ షాట్ బాగానే వస్తుంది, కానీ ఆ తర్వాత పిల్లాడు ఆ మనిషి మొహం చూడడు. మిగతా పది రోజుల పనీ పాడవుతుంది. ఏడుపంటే ముఖ్యంగా ఊపిరే. ముక్కుతో గబగబా రెండుసార్లు లోపలికి పీల్చి, మాటని మధ్యలో ఆపమంటే ఐదేళ్లవాడు కూడా ఆటలా నేర్చుకుంటాడు. కన్నీళ్లు లేకపోయినా కెమెరా నమ్ముతుంది. సీను అవ్వగానే వాణ్ణి అసలు పేరుతో పిలిచి, బట్టలు మార్చి, ఏదో ఒకటి తినిపించండి.

బాలనటులుగా చేసినవాళ్లు పెద్దయ్యాక నిలబడతారా? — యలమంచిలి లంక నుంచి ఒక తాతగారు

తెలుగు సినిమా మాట్లాడింది పిల్లాడి కథతోనే కదండీ. 1932లో వచ్చిన తొలి టాకీ 'భక్త ప్రహ్లాద'లో ప్రహ్లాదుడు సిందూరి కృష్ణారావు అనే బాలుడు. మన వైపు సంగతికొస్తే పంగిడిలో పుట్టిన సి. కృష్ణవేణి, 1936లో కాకినాడకి చెందిన సి. పుల్లయ్య తీసిన 'సతీ అనసూయ'తో చిన్నతనంలోనే తెరకెక్కారు. ఆవిడే 1949లో 'మనదేశం' నిర్మించి ఎన్టీ రామారావుని పరిచయం చేశారు. రాజమండ్రి అలీ 1981లో 'సీతాకోకచిలుక'లో పిల్లాడు, 1994లో 'యమలీల'లో హీరో.

వీళ్లని చూసి లెక్క కట్టొద్దు. చూడాల్సింది మధ్యలో ఖాళీని. 'అంజలి'కి 1990లో జాతీయ అవార్డు పంచుకున్న తరుణ్, హీరోగా 'నువ్వే కావాలి'తో వచ్చింది 2000లో. 1998లో 'చూడాలని వుంది'లో కనిపించిన తేజ సజ్జా హీరో అయ్యేసరికి 2021. 'గంగోత్రి' (2003) చిన్నారి కావ్య కళ్యాణ్‌రామ్ కథానాయికగా 'మసూద'తో వచ్చింది 2022లో. పదేళ్లు, ఇరవయ్యేళ్లు. 1972లో 'బడిపంతులు'లో చేసి, 1978కల్లా 'పదహారేళ్ల వయసు'లో కథానాయికైన శ్రీదేవి లాంటివాళ్లు అరుదు. పన్నెండు, పదమూడు దాటాక అబ్బాయిల గొంతు మారుతుంది, ఆడపిల్లలు ఒక్కసారిగా ఎత్తు పెరుగుతారు. చిన్నపిల్లల పాత్రకి పెద్ద, కాలేజీ పాత్రకి చిన్న. ఆ ఏళ్లలో ఫోన్ మోగదు. ఇది ప్రతిభ తగ్గడం కాదు, రాసేవాళ్లు ఆ ఈడు పిల్లలకి పాత్రలు రాయకపోవడం.

ఆ ఖాళీని చదువుతోనో, సంగీతం, నాట్యం, ఎడిటింగ్ లాంటి పనితోనో నింపినవాళ్లకి తిరిగొచ్చే దారి ఉంది. రానివాళ్లకి వేరే బతుకు ఉంది. 1967 నాటి 'భక్త ప్రహ్లాద'లో ప్రహ్లాదుడిగా చేసిన రోజారమణి తర్వాత డబ్బింగ్ కళాకారిణిగా పేరు తెచ్చుకున్నారు. మీ మనవడికి మాట స్పష్టంగా ఉంటే గొంతు మారకముందే డబ్బింగు థియేటర్ పరిచయం చేయించండి.

బడి పోతోంది. ఓపెన్ స్కూల్లో వేసేద్దామా? — నరసాపురం

తొందరపడకండి. ఓపెన్ స్కూల్లో పదో తరగతికి పద్నాలుగేళ్లు నిండాలి. మీ అబ్బాయికి తొమ్మిదే. ఈలోగా బడి మానిపిస్తే స్నేహితులు పోతారు, అది తిరిగి రాదు. చదువు తెగకుండా ఏర్పాటు చేసే బాధ్యత నిర్మాతదని నిబంధనల్లోనే ఉంది.

మన డెల్టాకి ఒక చిక్కుంది. ఎండాకాలం సెలవుల్లో కాలువలు కట్టేస్తారు, జూన్‌లో గానీ నీళ్లు వదలరు. పచ్చదనం, నిండు కాలువ, ముగ్గులు కావాల్సిన యూనిట్లన్నీ నవంబరు నుంచి ఫిబ్రవరి దాకా దిగుతాయి. సరిగ్గా బడి జోరు మీద ఉండే నెలలు. పరీక్షల తేదీలు ఒప్పందానికి ముందే రాసి ఇవ్వండి. ఆ రోజుల్లో పిల్లాడు లేని సీన్లు తీసుకుంటారు, అది వాళ్లకి కష్టమేమీ కాదు. హెడ్మాస్టరు గారికి ముందే ఉత్తరం ఇచ్చి, రోజూ ఏం చెప్పారో తోటి పిల్లాడి నోటుబుక్ ఫొటో తెప్పించుకోండి.

శివరాత్రికి వేసే హరిశ్చంద్ర నాటకంలో మా తొమ్మిదేళ్లవాడు లోహితాస్యుడు. కాటి సీను తెల్లవారుజామున రెండింటికొస్తుంది. — ముక్కామల

సాయంత్రం అన్నం పెట్టి పడుకోబెట్టి, సీనుకి ముప్పావుగంట ముందు లేపండి. నిద్రమత్తులో మేకప్ వేయొద్దు, ముందు ముఖం కడిగించి నాలుగడుగులు నడిపించాలి. పాము కరిచి పడిపోయేటప్పుడు మోకాలు, పిరుదు, భుజం, ఈ వరసలో వాలాలి. తల చివర. బల్లల మీద పల్చటి బొంత పరిచి పైన తెర గుడ్డ కప్పితే జనానికి కనబడదు. చచ్చిపోయినట్టు పడుకున్నాక చంద్రమతి పద్యాలు చాలాసేపు సాగుతాయి. కార్డ్‌లెస్ మైకు నడుముకి కట్టి ఉంటే ఆ డబ్బా వెన్నులో నొక్కుకుంటుంది, ముందే తీసెయ్యండి. దోమల మందు రాయడం మర్చిపోవద్దు. చచ్చిన లోహితుడు కాలు గోక్కుంటే కాటి సీనంతా నవ్వులపాలవుతుంది.

గోదాట్లో పడవ సీను. ఈతొచ్చు కదా, జాకెట్ అక్కర్లేదు, తెరమీద కనబడుతుంది అంటున్నారు. — సఖినేటిపల్లి

కనబడకుండా చొక్కా కింద వేసే పల్చటి జాకెట్లు ఉన్నాయి, కాస్ట్యూమర్ ఒక సైజు పెద్ద చొక్కా కుట్టిస్తే సరిపోతుంది. పెద్దవాళ్ల జాకెట్ తాళ్లు బిగించి వేయడం ప్రమాదం. నీళ్లలో పడగానే అది పైకి జారి పిల్లాడు కిందికి జారతాడు. జాకెట్ లోపల రాసిన బరువు పిల్లాడి బరువుకి సరిపోవాలి, కాళ్ల మధ్యనుంచి పట్టీ ఉండాలి. వేశాక భుజాల దగ్గర పట్టుకుని పైకి లాగి చూడండి. చెవుల దాకా లేస్తే అది పనికిరాదు.

చెరువులో వచ్చిన ఈతకి ఏటిలో వచ్చే ఈతకి పొంతన లేదు. ఇసుక తవ్విన గోతులు పైకి కనబడవు, మోకాల్లోతు పక్కనే రెండు నిలువులుంటుంది. సఖినేటిపల్లి దగ్గర పోటూ పాటూ కూడా ఉంటాయి. పొద్దున్న రిహార్సల్ చేసినప్పటి వాలు మధ్యాహ్నానికి తిరిగిపోతుంది. అందుకని రేవు పంటు నడిపేవాళ్లని అడిగి, నీరు నిలకడగా ఉండే గంట చూసుకునే షాట్ పెట్టించండి. జులై నుంచి సెప్టెంబరు దాకా పిల్లలతో నది సీన్లు ఒప్పుకోవద్దు. ధవళేశ్వరం దగ్గర నీటిమట్టం 11.75 అడుగులకి చేరితే మొదటి హెచ్చరిక ఇస్తారు, 13.75కి రెండోది. మొదటిది ఎగరేశారంటే ఆ రోజుకి పిల్లాణ్ణి ఇంటికి తీసుకొచ్చెయ్యండి. కచ్చులూరు దగ్గర లాంచీ మునిగింది కూడా 2019 సెప్టెంబరులోనే, వరదలోనే.

పడవలో పిల్లాడితో పాటు ఈతొచ్చిన పెద్దవాడు ఒకడు, కెమెరాకి అందకుండా అడుగున పడుకునైనా సరే, ఉండాలి. వెనకాల తాడు, ట్యూబులతో ఇంకో పడవ. ఈ రెండూ కనబడకపోతే మీ సమ్మతి వెనక్కి తీసుకునే హక్కు మీకుంది. యూనిట్ మొత్తం మీ కోసం ఆగిపోయినా మొహమాటపడకండి.